దామలచెరువు కనుమ యుద్ధము

చిత్తూరు, తిరుపతి ప్రాంతముల బడులలో కర్ణాటక యుద్ధములనగానే విద్యార్థులకు డూప్లే, క్లైవుల పేర్లు గుర్తునకు వచ్చును. ఆర్కాటు ముట్టడి 1751లో జరిగినదని తడుముకొనక చెప్పువారును ఉందురు. ఆ ఆర్కాటును ఏలిన నవాబు దోస్త్ అలీఖాను ఎచట మరణించెనని అడిగినచో తరగతి యంతయు మౌనము వహించును. అతడు కూలినది పాకాల చేరువన, నేడు మామిడికాయల బేరమునకు పేరుపడిన దామలచెరువు కనుమలో. 1740 మే 20వ తేదీన.

సాతారానుండి సాహు మహారాజు పంపగా రఘోజీ భోంస్లే గొప్ప అశ్వబలముతో కర్ణాటకముపైకి వచ్చెను. చౌతు వసూలు ఒక కారణము. నవాబు అల్లుడు చందాసాహెబు తిరుచినాపల్లిని చేజిక్కించుకొనుట, తంజావూరి మరాఠా రాజునకు కలిగిన భయము మరియొక కారణము. నవాబు సైన్యములో ఎక్కువ భాగము దూరమున దక్షిణాన ఉండెను. ఉన్న కొద్ది బలముతోనే దోస్త్ అలీ కనుమను అడ్డగించెను. ఇరుకు కనుమలో గుఱ్ఱపు దండు బారులు తీరి పరుగెత్తజాలదు. కావున ఆ ఆలోచన తప్పని అనరాదు. అయితే మరాఠాలు ఆ ముఖద్వారముతో పోరాడి కాలము గడుపలేదు. కావలి చాలని వేరొక దారిని కొండలు దాటి నవాబునకు వెనుకప్రక్కన తేలిరి. వెనుకనుండి వచ్చుచున్న రౌతులను చూచి, కుమారుడు సఫ్దర్ అలీ సాయము వచ్చుచున్నాడని నవాబు తొలుత భ్రమించెనని చరిత్రకారులు వ్రాసిరి. ఆ భ్రమ తీరునప్పటికి మించిపోయినది. నవాబును, అతని కుమారుడు హసన్ అలీయును ఆ పోరులోనే హతులైరి. దివాను మీర్ అసద్ బందీయయ్యెను.

నవాబులకును మరాఠాలకును జరిగిన కలహముతో మన రైతునకేమి పని యని కొందరు పెదవి విరువవచ్చును. సఫ్దర్ అలీ సంధి చేసికొని ఇయ్యనొప్పుకొన్న కోటి రూపాయలు ఏ నవాబు భోషాణమున పుట్టినవి? శిస్తు కట్టిన పల్లెలనుండి కాదా?

అంతకంటె పెద్ద సంగతి సముద్రతీరమున నడచినది. నవాబు కుటుంబము ప్రాణభీతితో పుదుచ్చేరి చేరి ఫ్రెంచి గవర్నరు డ్యూమా ఆశ్రయము పొందెను. వారిని అప్పగింపుమని రఘోజీ బెదిరించినను డ్యూమా లొంగలేదు. దేశాధిపతి ఇంటివారు వర్తకుల కోటలో తలదాచుకొనిరి! 1741 మార్చిలో తిరుచినాపల్లి మరాఠాల వశమయ్యెను. చందాసాహెబు బందీగా పోయెను. 1742లో డూప్లే పుదుచ్చేరికి గవర్నరుగా వచ్చునప్పటికి ఫ్రెంచివారి పలుకుబడికి పునాది పడియే ఉన్నది. ఆ పునాదిలో దామలచెరువు రాయి ఒకటి కలదు. పాఠమును డూప్లేతో మొదలిడువారు ఆ రాయిని దాటి పోవుచున్నారు.

ఈ ప్రాంతపు ఉపాధ్యాయునకు దీనిని చెప్పుట కష్టము కాదు. గోడకు జిల్లా పటము తగిలించి, పాకాల, దామలచెరువుల చుట్టునున్న కొండలను పిల్లలచేతనే గుర్తింపజేయవచ్చును. మేకలు తోలుకొనిపోవు పిల్లవానికి అచటి అడ్డదారులు ఏ గ్రంథకర్తకంటెను బాగుగా తెలియును. నవాబు ఏ దారిని కాచి ఏ దారిని విడిచి యుండునో వానినే అడుగవచ్చును.