మనిషికి రేటు కట్టేదెవరు?



చేవెళ్ల మార్కెట్లో టమాటకు రేటు కడతారు. మొయినాబాద్ దారిలో గజం భూమికి రేటు కడతారు. అందులో తప్పు లేదు. మనిషికి రేటు కట్టడమే పాపం.

2022 అక్టోబర్ 26న మొయినాబాద్ దగ్గరి ఒక ఫామ్‌హౌస్ పేరు దేశమంతా మోగింది. నలుగురు ఎమ్మెల్యేలను కొనడానికి బేరం జరిగిందని, ఒకరికి 100 కోట్లు ఇస్తామన్నారని ఫిర్యాదు. నిజానిజాలు తేల్చేది కోర్టులు. మనం మాత్రం "ఎమ్మెల్యేలు కూడా అమ్ముడుపోతారా!" అని నోళ్లు నొక్కుకున్నాం. ఎలక్షన్ ముందు రాత్రి కవరు తెచ్చినవాడు "ఇంట్లో ఎన్ని ఓట్లు?" అంటే వేళ్లు మడిచి లెక్క చెప్పిన నోళ్లే అవి.

"వాళ్లు తిన్నది మన సొమ్మేగా, తీసుకుంటే ఏం?" అంటారు కొందరు. మన సొమ్మే అయితే దాన్ని బడిగా, రోడ్డుగా, ఆస్పత్రిగా అడగాలి. కవరు పట్టిన చెయ్యి ఐదేళ్లూ వేలెత్తి అడగలేదు. అమ్ముడుపోయిన సరుకు కొన్నవాణ్ణి ప్రశ్నించదు.

కాపరులమైన మేమూ తప్పించుకోలేం. "పాస్టరుగారూ, మీ సంఘంలో ఓట్లెన్ని? చర్చికి ప్రహరీ కట్టిస్తాం" అంటే తలూపితే, మేము గొర్రెలను కాసినట్టా, సంతకు తోలినట్టా? "అబ్బాయిది సర్కారు ఉద్యోగం, పొలం రోడ్డు పక్కనే" అని కట్నం పెంచే ఇంట్లో ఆశీర్వాద ప్రార్థన చేస్తున్నదీ మేమే.

యోసేపును సొంత అన్నలే ఇరవై వెండి నాణేలకు అమ్మారు. ఎద్దు పొడిచి చంపిన దాసుడికి ధర్మశాస్త్రం కట్టించిన వెల ముప్పై తులాల వెండి (నిర్గమ 21:32). మన ప్రభువుకు యాజకులు కట్టిందీ ముప్పై వెండి నాణేలే. యూదా ఆ డబ్బు విసిరేస్తే, దాంతో వాళ్లు ఏం చేశారు? పొలం కొన్నారు! ప్రకటన 18లో బబులోను వర్తకుల సరుకుల పట్టిక చూడండి. బంగారంతో మొదలై మనుషుల ప్రాణాలతో ముగుస్తుంది.

మనకు వెల ఒక్కసారే చెల్లించబడింది, అదీ సిలువ మీద (1 కొరింథీ 7:23). మళ్లీ అమ్మకానికి నిలబడితే మనం అమ్ముతున్నది మన సొత్తు కాదు, ఆయన సొత్తు.

ఈసారి కవరు గుమ్మం దాకా వస్తే ఇంటిల్లిపాదీ ఒకే మాట చెబుదాం: "మమ్మల్ని ఇదివరకే ఒకాయన కొన్నాడు."

ప్రభువు మనకు ఆ తెగువ దయచేయును గాక. ఆమేన్.