ఆరాధనకు దొంగ కాపీ ఎందుకు?



2020 మార్చిలో లాక్‌డౌన్ వచ్చి మందిరం తలుపులు మూసినప్పుడు మేము ఫోనుతోనే ఆరాధన లైవ్ మొదలుపెట్టాము. తరువాత రెండు కెమెరాలు కావాలని, పాట అక్షరాలు తెర మీద రావాలని ఆశ పుట్టింది. విమిక్స్ వేసుకోమన్నారు. అది ఆస్ట్రేలియా వాళ్లు తయారుచేసి అమ్మే సాఫ్ట్‌వేర్. 60 రోజులు ఊరికే వాడి చూడనిస్తారు, ఆపైన డబ్బు కట్టాలి. మేము కట్టలేదు. ఎవరో పెన్‌డ్రైవ్‌లో తెచ్చిన క్రాక్ కాపీ వేసుకున్నాము. దేవుని పనికే కదా అని సర్దిచెప్పుకున్నాము.

ఒక ఆదివారం తెర మీద పెదవుల కంటే ముందే మాట వినబడింది. కువైట్‌లో ఉన్న మన బిడ్డలు చూడలేక ఆపేశారు. ఎవరిని అడగాలి? ఆ సాఫ్ట్‌వేర్ వాడేవాళ్లు ఒకరికొకరు చెప్పుకుంటారు. కానీ దొంగ కాపీ పెట్టుకొని ఏ ముఖంతో అడుగుతాము? అబద్ధమాడితే తప్ప నోరు తెరవలేని స్థితి. మాకు సిగ్గు వేసింది.

అప్పుడు మన యవనస్థుడొకడు ఓబీఎస్ స్టూడియో పెట్టాడు. 2012లో హ్యూ బెయిలీ అనే ప్రోగ్రామర్ ఉచితంగా విడుదల చేసినది అది. తరువాత ఎందరో అందులో చెయ్యి వేశారు. దాని కోడ్ ఎవరైనా చూడవచ్చు, మార్చవచ్చు.

మాట ముందు రావడం అందులోనూ ఆగలేదు. కానీ ఈసారి దాచేదేమీ లేదు. లాగ్ ఫైల్ పంపి, ఉన్నది ఉన్నట్టు చెప్పి అడిగాము. మన ఊరి పేరు కూడా పలకలేని ఒక మనిషి ఓపికగా చదివి చెప్పాడు: "కెమెరా బొమ్మ ఆలస్యంగా వస్తోంది, మిక్సర్ నుంచి శబ్దం ముందే వస్తోంది. సింక్ ఆఫ్‌సెట్‌లో శబ్దాన్ని కాస్త వెనక్కి జరపండి. మీ నెట్‌కు 720 చాలు. వైఫై వద్దు, కేబుల్ పెట్టండి." పైసా అడగలేదు.

మన తీరంలో పడవను ఒడ్డుకు లాగేటప్పుడు అది ఎవరిదని అడుగుతామా? ఆ మనిషి చేసింది అదే.

మరి మేము? పక్క పాలెం సంఘంవారు వచ్చి మన సెట్టింగులు అడిగితే, మనవాళ్లు ధర చెప్పారు. మేము విని ఊరుకున్నాము. క్రాక్ కాపీ కంటే ఇదే పెద్ద తప్పని ఇప్పుడు అనుకుంటున్నాము. రోజంతా వచ్చి పనిచేసినవాడికి కూలి ఇవ్వాలి, అది న్యాయం. కానీ ఊరికే దొరికిన నాలుగు మాటలకు వెల కట్టకూడదు. విమిక్సే కావాలనుకునే సంఘం కొనుక్కోవచ్చు. కొనడం తప్పు కాదు, దొంగిలించడమే తప్పు.

ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు వేట నిషేధం. పడవలు ఒడ్డున ఉంటాయి, మన యవనస్థులు ఇంటిపట్టున ఉంటారు. ఆ రోజుల్లో చుట్టుపక్కల సంఘాలవారిని పిలిచి, నేర్చుకున్నదంతా చెబుదాము. ముందుగా ఆ పక్క పాలెం వారి దగ్గరకు మేమే వెళ్లి క్షమాపణ అడుగుతాము.

ప్రభువు మిమ్మును దీవించును గాక. ఆమేన్.