కాన్పుకు కోతే దారా?

పోయిన వానకాలం మా బడిలో చదువుకుని వెళ్లిన ఒక నాయకపోడు బిడ్డ తొలి కాన్పుకు పట్నంలోని ప్రైవేటు దవాఖానలో చేరింది. పొద్దున నొప్పులు మొదలయ్యాయి. మధ్యాహ్నానికల్లా "ఉమ్మనీరు తగ్గింది, ఆపరేషన్ చేయాలి, సంతకం పెట్టండి" అన్నారు. తండ్రి వేలిముద్ర వేశాడు. తల్లీబిడ్డా క్షేమమే. పత్తి ఇంకా పూత మీదుండగానే దాని మీద అప్పు తెచ్చి బిల్లు కట్టారు. ఆ కోత నిజంగా అవసరమైందో లేదో మాకు తెలియదు. తెలుసుకునే దారి ఆ ఇంటికి లేదు. మా కోపం అక్కడే మొదలైంది.

లెక్కలు చూడండి. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం దేశంలో నూటికి 21.5 కాన్పులు ఆపరేషన్‌తో జరిగాయి. తెలంగాణలో 60.7. మన రాష్ట్రంలోని ప్రైవేటు దవాఖానల్లో 81.5, సర్కారు దవాఖానల్లో 44.5. కరీంనగర్ జిల్లాలో ప్రైవేటు, సర్కారు అన్నీ కలిపి చూసినా నూటికి 80 దాటింది. ఒక ప్రాంతం మొత్తమ్మీద ఆపరేషన్లు పది శాతం దాటాక తల్లీబిడ్డల మరణాలు ఇంకా తగ్గుతున్నట్టు ఆధారం లేదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2015లో చెప్పింది. మరి మన ఆడబిడ్డల ఒళ్లు దేశంలోని మిగతా తల్లుల ఒళ్ల కంటే వేరుగా ఉన్నాయా? లేవు. వేరుగా ఉన్నది బేరం.

ఆ బేరం ఎట్లా నడుస్తుందో మనం అర్థం చేసుకోవాలి. తొలి కాన్పు నొప్పులు పన్నెండు గంటలైనా ఉండవచ్చు, అంతకు మించీ ఉండవచ్చు. అంతసేపూ ఒక నర్సు పక్కన కూర్చోవాలి, డాక్టరు పిలిస్తే పలకాలి. దానికి వచ్చే పైసలు తక్కువ. ఆపరేషన్ గంటలో ముగుస్తుంది. థియేటరు, మత్తు డాక్టరు, మందులు, నాలుగైదు రోజుల మంచం అన్నీ బిల్లులోకి ఎక్కుతాయి. ఓపిక పట్టినవాడికి నష్టం, కోసినవాడికి లాభం అని పద్ధతే రాసిపెట్టినప్పుడు కత్తి ఎటు కదులుతుంది?

డాక్టర్లందరూ దుర్మార్గులని మేము అనడం లేదు. ప్రైవేటు వైద్య కళాశాలలో మేనేజ్‌మెంటు సీటుకు ఏటా లక్షలకు లక్షలు పోసి చదివిన పిల్లవాడు అప్పుతోనే బయటికి వస్తాడు. దవాఖాన పెడితే బ్యాంకు వాయిదా, పేషెంటును పంపిన ఆర్‌ఎంపీకి కమీషన్. ఉద్యోగంలో చేరితే నెలకు ఇన్ని కేసులని యాజమాన్యం లెక్క. నాడి పట్టాల్సిన చేయి ముందు లెక్కల పుస్తకం పడుతుంది. రోగి అప్పుల పాలవుతాడు, వైద్యుడు తన చదువుకే పరాయివాడవుతాడు.

"ఆపరేషన్ వాళ్లే అడుగుతున్నారు, ముహూర్తం పెట్టుకుని వస్తున్నారు" అంటారు. కొందరు అడుగుతున్న మాట నిజమే. కానీ నొప్పులంటే భయపడే పిల్లకు ధైర్యం చెప్పాల్సింది ఎవరు? తొలి కాన్పులో కోత పడితే రెండోదీ చాలాసార్లు కోతే అవుతుందని, మాయ గర్భసంచికి అతుక్కునే ప్రమాదం పెరుగుతుందని చెప్పాల్సింది ఎవరు? నాట్లు వేసి, కట్టెలు మోసి బతికే ఒంటికి ఆ గాటు ఎంత బరువో చెప్పాల్సింది ఎవరు? చెప్పకుండా తీసుకున్న సంతకం ఒప్పుకోలు కాదు.

ఇంకో సంగతి మరవద్దు. కోత ప్రాణాలు కాపాడుతుంది. బిడ్డ అడ్డం తిరిగినా, మాయ ముందుకొచ్చినా ఆపరేషన్ వద్దనడం మూర్ఖత్వం. మన ఆసిఫాబాద్, ఆదిలాబాద్ గుట్టల మీది గూడేల్లో వాగు పొంగితే గర్భిణిని మంచం మీద మోసుకురావాల్సి వస్తుంది. అక్కడ అవసరమైనా కత్తి అందదు. ఇక్కడ అవసరం లేకున్నా ఆగదు. రెండు చోట్లా కారణం ఒకటే: వైద్యం అవసరమున్న చోటికి కాకుండా పైసలున్న చోటికి పోతున్నది.

దారి లేక కాదు. 2017లో తెలంగాణ ప్రభుత్వం, యునిసెఫ్, ఫెర్నాండెజ్ ఫౌండేషన్ కలిసి నర్సులకు 18 నెలల మిడ్‌వైఫరీ శిక్షణ మొదలుపెట్టాయి. మన అవ్వల కాలంలో మంత్రసాని చేసిన పనే అది, శాస్త్రం తోడుగా: పక్కన కూర్చోవడం, ఓపిక పట్టడం, ప్రమాదం కనిపిస్తే వెంటనే డాక్టరును పిలవడం. అలాంటి నర్సులు ప్రతి మండలానికి కావాలి. గూడెం పిల్లలే ఆ చదువు చదవాలి. నెలకు ఎన్ని కాన్పులు, అందులో ఎన్ని కోతలో ప్రతి దవాఖాన గోడ మీద తెలుగులో రాయాలి. ప్రతి కోతకూ కారణం రాసి ఇవ్వాలి, బయటి వైద్యులు దాన్ని తనిఖీ చేయాలి. సర్కారు దవాఖానలో రాత్రిపూట కూడా డాక్టరు ఉండాలి.

తోటి ఉపాధ్యాయులారా, మనం చేయగలిగింది ఉంది. పై తరగతి ఆడపిల్లలకు, మగపిల్లలకు కూడా నాలుగు ప్రశ్నలు నేర్పుదాం: ఆపరేషన్ ఎందుకు? ఇంకాసేపు ఆగితే ప్రమాదమేంటి? వేరే దారి ఉందా? ఖర్చెంత? ప్రాణాపాయమని తేలితే మాత్రం ఆలస్యం చేయొద్దని కూడా నేర్పుదాం. వేలిముద్ర వేసిన ఆ తండ్రి మన బడికి రాలేదు. ఆయన మనవరాలు వస్తుంది. కాగితం చదవకుండా ఆ బిడ్డ సంతకం పెట్టే రోజు రాకుండా చూడడం మన పని.