శమంతకాన్ని సభలో చూపించాలి

వినాయక చవితి వచ్చేనాటికి గుంటూరు, ప్రకాశం నల్లరేగళ్లలో పత్తి గూడ మీద, పూత మీద ఉంటుంది. మిరప నాట్లు జోరుగా సాగుతుంటాయి. ఆ పూట మాత్రం పొలం పనులు పక్కనపెట్టి, ఇంటిల్లిపాదీ అక్షతలు పట్టుకుని శమంతకమణి కథ వింటారు.

ఆ కథలో అందరికీ గుర్తుండేది రోజుకు ఎనిమిది బారువుల బంగారం. భాగవతం దశమ స్కంధం ఆ మణికి అంతకంటే పెద్ద గుణం ఒకటి చెబుతుంది. దానికి పూజలు జరిగే చోట కరువు ఉండదు, రోగం ఉండదు, అకాల మరణం ఉండదు. బంగారం ఇంటివాడిది, క్షేమం ఊరందరిదీ. కృష్ణుడు కూడా దాన్ని తనకు ఇమ్మని అడగలేదు, యాదవుల రాజు ఉగ్రసేనుడికి ఇమ్మన్నాడు. మణి సొంతదారు సత్రాజిత్తు ససేమిరా అన్నాడు. ఇక అక్కడినుంచి చావులే. మణి మెడలో వేసుకుని వేటకెళ్లిన అతని తమ్ముడు ప్రసేనుణ్ణి సింహం చంపింది, సింహాన్ని జాంబవంతుడు చంపాడు. తర్వాత సత్రాజిత్తు నిద్రలోనే శతధన్వుడి చేతిలో పోయాడు, శతధన్వుడు కృష్ణుడి చేతిలో పోయాడు. చేతికొచ్చిన సిరి ఎవరిది, దాని మేలు ఎవరికి చేరాలి అన్న తగువు ఈ కథ నిండా ఉంది. కృష్ణానది ఒడ్డున పుట్టిన తెలుగువాడికి ఆ తగువు పురాణ కాలంతో తీరిపోలేదు.

పాత గుంటూరు జిల్లా బెల్లంకొండ మండలంలోని కొల్లూరు ఒకప్పుడు ప్రపంచానికి వజ్రాలు పంచిన గని. ఫ్రెంచి వర్తకుడు తవెర్నియె 17వ శతాబ్దంలో అక్కడికి వెళ్లి, చూసినదంతా 1676లో అచ్చువేసిన తన యాత్రా గ్రంథంలో రాశాడు. అంతకు నూరేళ్ల క్రితం ఒక పేదవాడు చిరుధాన్యం చల్లుకోవడానికి నేల తవ్వుతుంటే దాదాపు 25 కారెట్ల రాయి దొరికిందట, గని పుట్టుక అదేనట. తాను మొదటిసారి వెళ్లినప్పుడు ఆడా మగా పిల్లలూ కలిసి సుమారు 60 వేల మంది పనిలో ఉన్నారని లెక్క చెప్పాడు. మగవాళ్లు తవ్వేవారు, ఆడవాళ్లూ పిల్లలూ మట్టి మోసేవారు. మెట్టచేలో వజ్రం చూసిన ఆ మొదటి రైతు పేరు మాత్రం ఆ పుస్తకంలో లేదు.

కూలీకి ఏం దక్కిందో తెలియాలంటే అదే పుస్తకంలో రావులకొండ అనే మరో గని గురించిన పుటలు చూడాలి. అక్కడ ఏడాదంతా రెక్కలు ముక్కలు చేసుకుంటే మూడు వరహాలు. పద్నాలుగు, పదహారు కారెట్ల పెద్ద రాయి దొరికితే దాన్ని యజమానికి అప్పగించాలి. అందుకు బహుమానం తలపాగా చుట్టుకోవడానికి ఒక నూలు గుడ్డ, అర వరహానో వరహానో, కొంచెం బియ్యం, ఒక పళ్లెం చక్కెర. ఆ రాళ్ల విలువతో పోల్చి చూస్తే ఈ జాబితా చదవడానికే మనసొప్పదు.

తవెర్నియె 1668లో ఫ్రాన్స్ రాజు పద్నాలుగో లూయీకి అమ్మిన నీలి వజ్రమే నేడు అమెరికాలో స్మిత్సోనియన్ మ్యూజియంలో ఉన్న హోప్ వజ్రానికి మూలం. అది కొల్లూరు రాయేనని వజ్రాల చరిత్ర రాసినవారు చెబుతారు. ఆ రాయికి పాశ్చాత్యులు అల్లిన శాపం కథ మరొకటి ఉంది. తవెర్నియె దాన్ని ఒక దేవతా విగ్రహం కంటిలోంచి పెరికి తెచ్చాడనీ, అందుకే ముట్టినవారందరికీ కీడు జరిగిందనీ. అది పూర్తిగా కల్పన. ఆ కల్పన చేసిన అసలు అన్యాయం వేరే ఉంది. వజ్రం దేవుడి కంటిలోంచి వచ్చిందని నమ్మిన వారికి, తట్టలు మోసిన కొల్లూరు ఆడవాళ్లు ఇక ఎప్పటికీ కనబడరు. వాళ్ల ఊరు కూడా ఇప్పుడు లేదు. పులిచింతల జలాశయం ముంపులో పోయింది.

నేల సిరి ఆ నేల జనానికే దక్కిన చోటు ఊహలోనైతే ఉంది. 1966లో అమెరికా కామిక్ పుస్తకాల్లో పుట్టిన వకాండా అనే కల్పిత ఆఫ్రికా రాజ్యం 2018లో 'బ్లాక్ పాంథర్' సినిమాతో మన పిల్లలకూ పరిచయమైంది. అక్కడ వైబ్రేనియం అనే మహిమగల లోహం ఆ దేశ ప్రజల చేతిలోనే ఉండి, వాళ్ల వైద్యానికీ విద్యకూ పనికొస్తుంది. ఆఫ్రికా గనుల చరిత్ర తెలిసినవారికి ఆ ఊహ ఎంత ఆకలిలోంచి పుట్టిందో అర్థమవుతుంది. కొల్లూరు చరిత్ర తెలిసిన మనకూ అర్థం కావాలి.

ప్రకాశం జిల్లాలో ఇప్పటికీ ఒక మహిమగల రాయి ఉంది. చీమకుర్తి, రామతీర్థం క్వారీల్లో దొరికే బ్లాక్ గెలాక్సీ. నల్లటి రాతిలో బంగారు చుక్కలు మెరుస్తాయి. బ్రాంజైట్ అనే ఖనిజపు రేణువుల వల్ల ఆ మెరుపు. ప్రపంచమంతటా హోటళ్లు, విమానాశ్రయాలు, వంటింటి గట్లు దానితో తళతళలాడుతున్నాయి. అదే పాత ప్రకాశం జిల్లా పడమటి వైపు, కనిగిరి ప్రాంతంలో ఫ్లోరైడ్ నీళ్లు తాగి పళ్లు గారపట్టి, కీళ్లు బిగుసుకుపోయి నడవలేని మనుషులున్నారు. రాయి ఉన్న చోట రోగం ఉండదన్న శమంతకం మాట ఇక్కడ ఎందుకు నిజం కాలేదు?

నిజం చేసే దారి చట్టంలో ఉంది. 2015లో గనుల చట్టాన్ని సవరించి, ప్రతి గనుల జిల్లాలో జిల్లా ఖనిజ ఫౌండేషన్ పెట్టాలన్నారు. లీజుదారులు రాయల్టీ మీద అదనంగా కట్టే సొమ్ము అందులో జమ కావాలి, గనుల వల్ల నష్టపోయిన ఊళ్లకు ఖర్చు కావాలి. తాగునీటికీ వైద్యానికీ చదువుకూ పెద్దపీట వేయాలని నిబంధన. గ్రానైట్ వంటి చిన్నతరహా ఖనిజాలపై ఎంత వసూలు చేయాలో రాష్ట్రమే నిర్ణయిస్తుంది. షెడ్యూల్డ్ ప్రాంతాల్లోనైతే ఈ నిధితో చేసే పనులకు గ్రామసభ ఆమోదం తప్పనిసరి. చీమకుర్తి షెడ్యూల్డ్ ప్రాంతం కాదు, కాబట్టి ఆ హక్కు అక్కడి జనానికి లేదు. పేలుళ్లకు గోడలు అదిరేది, చేల మీద దుమ్ము పడేది మాత్రం వాళ్లకే.

చవితి కథలో సాధారణంగా చదవని ముగింపు ఇక్కడ పనికొస్తుంది. శమంతకం చివరికి అక్రూరుడి దగ్గర చేరింది. కృష్ణుడు దాన్ని లాక్కోలేదు. అందరి ముందు సభలో ఒక్కసారి చూపించమన్నాడు, చూపించాక తిరిగి అక్రూరుడికే ఇచ్చేశాడు. గనుల లీజులు ఎవరికైనా ఉండనివ్వండి. రామతీర్థం నుంచి ఏటా ఎన్ని ఘనపు మీటర్ల రాయి వెళ్లింది, సీనరేజీ అనే ప్రభుత్వ రుసుము ఎంత వచ్చింది, ఖనిజ నిధిలో ఎంత జమై ఏ ఊళ్లో దేనికి ఖర్చయింది అన్న లెక్క ఆ ఊళ్ల పంచాయతీ గోడ మీద తెలుగులో రాయాలి. ఖర్చుకు ముందు గ్రామసభ ఒప్పుకోవాలి. రాష్ట్ర ప్రభుత్వం తన నిబంధనల్లో ఈ రెండు మాటలూ చేర్చి, నిధిలో మొదటి వాటా కనిగిరి వైపు మంచినీటి పథకాలకూ క్వారీ కూలీల వైద్య పరీక్షలకూ కేటాయించాలి. వచ్చే చవితికల్లా ఆ పని మొదలుపెట్టవచ్చు.