దాచిన టేపే అసలు టేపా?

ఎవరైనా హదీస్ చెప్తే మన పెద్దలు వెంటనే అడుగుతారు: సనద్ ఏది, రావీ ఎవరు? అదే ఇంట్లో కొడుకు చెవుల్లోంచి ఇయర్‌ఫోన్ తీసి "అబ్బా, ఆ బ్యాండు అసలు ఆల్బమ్‌ని కంపెనీవాళ్లు దాచేశారంట" అంటే మాత్రం ఎవరూ అడగరు. మూసీఖీ జాయిజా నాజాయిజా అన్న బహస్ ఇంకో రోజు పెట్టుకుందాం. ఇవాళ నా గుస్సా అఫ్వా మీద. బయటికొచ్చింది నకిలీ, దాచిందే అసలు అనే దీవానాపన్ మీద.

ఈ అఫ్వాలన్నిటికీ సర్దార్ బీచ్ బాయ్స్ వాళ్ల 'స్మైల్'. 1966లో మొదలుపెట్టినప్పుడు బ్రయాన్ విల్సన్‌కి 24 ఏళ్లు. కంపెనీ లక్షల్లో కవర్లు కూడా అచ్చేసింది. నిప్పు మీద ఒక ట్యూన్ రికార్డు చేస్తూ వాయించేవాళ్ల నెత్తిన ఫైర్‌మెన్ టోపీలు పెట్టించాడు. ఆ రోజుల్లోనే దగ్గర్లో ఒక బిల్డింగు కాలితే, తన పాటే తగలబెట్టిందని వణికిపోయాడు. 1967లో పని ఆగిపోయింది. ఆ తర్వాత దశాబ్దాల పాటు షౌకీన్లు దొంగ టేపులు పోగేసి, ముక్కలు అతికించి, "పోయిన షాహ్‌కార్" అంటూ మురిసిపోయారు. అక్కడ పోయింది టేపు కాదు భాయ్, ఒక మనిషి సుకూన్. అతని బీమారీని తిలిస్మ్ చేసుకుని దాని చుట్టూ మనం ఉర్సు చేసుకున్నాం. ఇది ఇష్క్ ఎలా అవుతుంది?

2004లో ఆయనే దాన్ని పూర్తి చేసి లండన్‌లో పాడాడు. 2011లో పాత టేపులూ వచ్చాయి. బాగున్నాయి, మాషాఅల్లా. అయినా "ఇది ఆ స్మైల్ కాదు" అన్నవాళ్లున్నారు. ఎవరూ వినని పాటతో పోటీ పడి ఏ పాట గెలుస్తుంది?

అన్నీ ఝూటా మాటలేనా అంటే, కాదు. ఇన్సాఫ్‌గా చెప్పాలి. బ్రూస్ స్ప్రింగ్‌స్టీన్ 'నెబ్రాస్కా' పాటల్ని 1982లో ఇంట్లో కూర్చుని మామూలు క్యాసెట్ మీద రికార్డు చేశాడు. బ్యాండుతో కూడా వాయించి చూశాడు. ఆ బ్యాండు టేపు ఉందన్న ఖబర్ నాలుగు దశాబ్దాలు తిరిగింది, 2025లో నిజంగానే బయటికొచ్చింది. సరే, వెతికినవాళ్లు గెలిచారు. కానీ రెండూ చేతిలో పెట్టుకుని ఆయన లోకానికిచ్చింది ఆ క్యాసెట్టే కదా! ఏది ఇవ్వాలి, దేని మీద పర్దా వేయాలి అన్నది చేసినవాడి హక్. మెహమాన్లకి ఏ దేగ్చీ పెట్టాలో మన అమ్మీలకి తెలుసు. "బావర్చీఖానాలో ఇంకేదో దాచావు" అని దస్తర్‌ఖాన్ దగ్గర కూర్చుని ఎవరూ తోహ్మత్ వేయరు.

ఇంతకీ బేటా, 'స్మైల్' ఆగిపోయాక 1967 సెప్టెంబర్‌లో దాని బదులు 'స్మైలీ స్మైల్' అని ఒక ఆల్బమ్ వచ్చింది. చిన్నది, వింతది. ఎక్కువ భాగం బ్రయాన్ ఇంట్లోనే రికార్డయింది. ఎవరూ దాచలేదు. అది విన్నావా?