సంతకం ఒకటే, దాని కింద మాటే వేరు

పోయిన ఆదివారం మా అమ్మాయి కాలేజీ ఫారం కోసం బీరువాలోంచి కాగితాల ఫైలు తీశాను. కావాల్సింది ఐదు నిమిషాల్లో దొరికింది. కానీ రెండు గంటలు దాని ముందే కూర్చుండిపోయాను, నా సంతకాలు చూసుకుంటూ. ఒకచోట నేను కో-అప్లికెంట్‌ని. ఒకచోట నామినీని. ఇంకోచోట గార్డియన్‌ని. మా తమ్ముడి చిట్టీలో షూరిటీని. సంతకం ఒకటే, దాని కింద మాటే వేరు. పెట్టిన రోజున ఒక్కదానికీ అర్థం అడగలేదు. "ఇక్కడొకటి, ఇక్కడొకటి మేడమ్" అని వేలు చూపిస్తే పెట్టేశాను. మీరూ అంతే కదా?

దిల్‌సుఖ్‌నగర్‌లో అద్దింట్లోంచి నాదర్‌గుల్‌లో సొంతింటికి వచ్చేటప్పుడు లోను కాగితాల్లో నా పేరుంది. అది చూసి ఇల్లు మా ఇద్దరిదీ అనుకున్నాను. గృహప్రవేశానికి వచ్చిన చుట్టాలందరికీ అలాగే చెప్పుకున్నాను. ఆదివారం సేల్ డీడ్ తీసి చదివితే, కొన్నవాళ్ల దగ్గర మా వారి పేరొక్కటే ఉంది. కో-అప్లికెంట్ అంటే అప్పులో భాగస్తురాలు, అంతే. ఇంట్లో వాటా ఉండాలంటే సేల్ డీడ్‌లో పేరుండాలి. ఈఎంఐ ఆగితే బ్యాంకు నన్నూ అడుగుతుంది. ఇల్లు మాత్రం నాది కాదు. మా వారు మోసం చేశారని కాదు. ఆయన కూడా రెండూ ఒకటే అనుకున్నారు, పాపం!

నామినీ మాట ఇంకా చిక్కు. నాకు తెలిసిన ఒకావిడ భర్త పోయారు. ఆయన పెళ్లికి ముందు వేసుకున్న డిపాజిట్‌కి నామినీ తమ్ముడు. తర్వాత మార్చడం ఎవరికీ గుర్తు రాలేదు. బ్యాంకు డబ్బు ఆ మరిదికి ఇచ్చింది. బ్యాంకు తప్పేం లేదు, ఇవ్వాల్సింది నామినీకే. "చట్టమే ఆయనకిచ్చింది, నేనేం చేస్తాను" అని ఈవిడ ఊరుకుంది. నిజానికి చట్టం అలా ఇవ్వలేదు. నామినీ అంటే డబ్బు తీసుకుని అసలు వారసులకు అప్పజెప్పాల్సిన మనిషి. ఇన్సూరెన్సు డబ్బు గురించి సుప్రీంకోర్టు 1983లోనే ఈ మాట చెప్పింది. కంపెనీ షేర్ల విషయంలోనూ నామినీ యజమాని అయిపోడని 2023 డిసెంబరులో చెప్పింది. ఇన్సూరెన్సుకు మాత్రం 2015లో చట్టం మార్చి, భార్యో భర్తో పిల్లలో తల్లిదండ్రులో నామినీలైతే ఆ డబ్బు వాళ్లకే చెందుతుందని రాశారు. అంటే ఒకే మాటకి ఒక్కో కాగితం మీద ఒక్కో బరువు!

మరి అసలు వారసులెవరు? విల్లు రాయకుండా పోతే, 1956 హిందూ వారసత్వ చట్టం ప్రకారం మగవాడి సొంత ఆస్తి తల్లికీ భార్యకీ పిల్లలకీ సమానంగా వస్తుంది. తమ్ముడు ఆ వరసలో లేడు. ఈ ఒక్క ముక్క ఆవిడకి ఎవరైనా ముందే తెలుగులో చెప్పి ఉంటే?

షూరిటీ సంగతి మా ఇంటిదే. "అక్కా, ఊరికే ఫార్మాలిటీ" అన్నాడు తమ్ముడు. వాడు మంచివాడని నేను సాక్ష్యం చెబుతున్నాననుకున్నాను. 1872 నాటి కాంట్రాక్టు చట్టం ప్రకారం, ఒప్పందంలో వేరేగా రాసుకోకపోతే, అప్పు తీసుకున్నవాడి మీద ఎంత బాధ్యత ఉందో షూరిటీ మీదా అంతే. మన పెద్దవాళ్లు దీన్ని జామీను అనేవాళ్లు. ఆ మాట వింటే భయం వేసేది. షూరిటీ అంటే భయం పోయింది, బాకీ మాత్రం అలాగే ఉంది.

గార్డియన్ గురించి ఒక మంచి కథ చెబుతాను. 1956 చట్టంలో హిందూ మైనరు పిల్లలకి గార్డియన్ తండ్రి, 'తర్వాత' తల్లి అని ఉంది. కొడుకు పేరు మీద రిజర్వ్ బ్యాంకు బాండ్లు కొనబోతే తండ్రి సంతకం కావాలన్నారని రచయిత్రి గీతా హరిహరన్ కోర్టుకెళ్లారు. 'తర్వాత' అంటే తండ్రి చనిపోయాక అనే కాదు, ఆయన అందుబాటులో లేనప్పుడు, పట్టించుకోనప్పుడు కూడా అని 1999లో సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. ఒక్క చిన్న మాటకి అర్థం తేలడానికి ఒక తల్లి సుప్రీంకోర్టు దాకా వెళ్లాల్సి వచ్చింది. మనం కౌంటరు దగ్గర అర్థం అడగడానికే మొహమాటపడుతున్నాం.

"ఇవన్నీ తెలుగులో అచ్చేస్తే సరిపోతుందిగా" అన్నారు మా వారు. సహ దరఖాస్తుదారు, హామీదారు, సంరక్షకుడు... ఇవి మాత్రం మనకి అర్థమవుతాయా? ఇంగ్లీషు మాట ఉండనివ్వండి. దాని పక్కన మామూలు తెలుగులో ఒక వాక్యం కావాలి. 'ఈ అప్పు కట్టకపోతే మిమ్మల్ని అడుగుతాం, ఇంట్లో మీకు వాటా రాదు' అని. అలా రాసే వరకూ మనమే రెండు ప్రశ్నలు అడగాలి: దీనివల్ల నాకేం వస్తుంది? నా మీదకేం వస్తుంది? మొగుడి మీద నమ్మకం లేక అడుగుతున్నట్టు కాదు. కూరగాయల దగ్గర కిలో ఎంత అని అడిగే కొంటాంగా, బండతన్ని దొంగ అన్నట్టా?

ఆ రాత్రి భోజనాల దగ్గర మా వారికి ఇదంతా చెప్పాను. ఆయన కాసేపు మాట్లాడలేదు. తర్వాత, విల్లు రాస్తానన్నారు. దానికి రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాదు, ఇద్దరు సాక్షుల సంతకాలు చాలు. అయినా ఎల్‌బీ నగర్‌లో ఎవరైనా వకీలుని అడిగే రాయమన్నాను.

అంతసేపూ చప్పుడు చేయకుండా వింటున్న మా అత్తయ్య అప్పుడు అడిగారు, "మరి అందులో నా పేరు ఎక్కడుంటుందమ్మా?" అని.

నేను ఆవిడ గురించి ఆలోచించనే లేదు. విల్లు లేకపోతే ఆవిడకి నాతో సమానంగా వాటా ఉంది. రాస్తే, మేం రాసినంతే. ఇంకో కుర్చీ లాగి ఆవిణ్ణి కూర్చోబెట్టి, మళ్లీ మొదటి నుంచి తెలుగులో చెప్పడం మొదలుపెట్టాను.