కచిన్‌లు అడుగుతున్నది బియ్యం బస్తాలు కాదు

"అమెరికాలోనో మలేసియాలోనో సేఫ్‌గా కూర్చుని కచిన్ స్వయంనిర్ణయాధికారం అని నినాదాలిస్తే ఏం లాభం?" మయన్మార్ మాట వచ్చినప్పుడల్లా ఎవరో ఒకరు ఇది అంటారు. చదువుకున్న మన మిత్రులే అంటారు. సరే, ఇంటి దగ్గర ఉండి మాట్లాడితే ఏమవుతుందో చూద్దాం.

హ్కలం శాంసన్ అని ఒక పాస్టర్. అప్పట్లో కచిన్ బాప్టిస్టు సంఘాల పెద్ద. 2019 జూలైలో వైట్‌హౌస్‌లో ట్రంప్ ముందు, తమ మీద సైన్యం చేస్తున్న దౌర్జన్యం గురించి నాలుగు మాటలు చెప్పాడు. అంతే, ఒక సైనికాధికారి ఆయన మీద కోర్టుకెక్కాడు. ఆ కేసు తర్వాత వెనక్కి తీసుకున్నారు. కానీ 2021లో సైన్యం మళ్లీ గద్దెనెక్కింది. 2022 డిసెంబరులో మాండలే విమానాశ్రయంలో ఆయన్ని పట్టుకుని ఆరేళ్ల శిక్ష వేసింది. 2024 ఏప్రిల్‌లో వదిలినట్టే వదిలి, గంటల్లోనే మళ్లీ తీసుకెళ్లారు. జూలైలో గానీ విడుదల కాలేదు.

పాట పాడినా అంతే. 2022 అక్టోబరు 23 రాత్రి అ నాంగ్ పా దగ్గర కచిన్ ఇండిపెండెన్స్ ఆర్గనైజేషన్, అంటే కేఐఓ, వార్షికోత్సవానికి సంగీత సభ పెట్టారు. దాని మీద యుద్ధ విమానాలు బాంబులేశాయి. 60 మందికి పైగా చనిపోయారు. వాళ్లలో పాడటానికి వచ్చిన గాయకులూ ఉన్నారు. ఆ విమానాలకు ఇంధనం ఆపండి అని దేశదేశాల్లో మొత్తుకున్నది మీరు నవ్వే ఈ ప్రవాసులూ వాళ్లతో నిలబడినవాళ్లే. 2023 ఆగస్టులో అమెరికా జెట్ ఇంధనం మీద ఆంక్షలు పెంచింది. ఆలస్యంగానే, అరకొరగానే. అయినా నినాదాలకు ఏం లాభం అని అడిగారు గదా, అందుకే చెప్తున్నా.

అసలు తగాదా ఎక్కడుందంటే, వినేవాళ్ల దగ్గర. కచిన్ మనిషి వెళ్లి "మా నేల మీద నిర్ణయం మాది" అంటాడు. అవతలివాళ్లు "అయ్యో, శరణార్థులు" అని రాసుకుంటారు. బియ్యం, దుప్పట్లు, టార్పాలిన్లు ఇస్తారు. 2011 నుంచి లక్షమందికి పైగా ఇళ్లు వదిలారు, వాళ్లకు బియ్యం కావాలి, నిజమే. కానీ బియ్యం లేక మొదలైన యుద్ధం కాదిది.

ఎలా మొదలైందో మా డిగ్రీ పుస్తకాల్లో లేదు. వాటిలో బర్మా అంటే ఆంగ్ సాన్ సూకీ ఒక్కతే. సూకీ తండ్రి ఆంగ్ సాన్ 1947 ఫిబ్రవరి 12న పాంగ్‌లాంగ్ అనే ఊళ్లో కచిన్, చిన్, షాన్ నాయకులతో సంతకాలు చేశాడు. కొండ ప్రాంతాలకు అంతర్గత పాలనలో పూర్తి స్వయంప్రతిపత్తి అని ఒప్పుకున్నాడు. ఆ నమ్మకం మీదే వాళ్లు బర్మాతో కలిశారు. జూలైలో ఆంగ్ సాన్ హత్య జరిగింది. తర్వాత వచ్చిన రాజ్యాంగం షాన్‌లకు పదేళ్ల తర్వాత విడిపోయే హక్కు రాసింది, కచిన్‌లకు రాయలేదు. కాగితం మీద రాష్ట్రం, పెత్తనమంతా రంగూన్‌ది. 1960లో కేఐఓ పుట్టింది. 1961లో బౌద్ధాన్ని రాజ్యమతం చేశారు. కచిన్‌లలో క్రైస్తవులే ఎక్కువ. ఇంక ఏం చేస్తారు?

"ముందు ప్రజాస్వామ్యం రానీ, మీ సంగతి తర్వాత" అనే మాట వాళ్లు చాలాసార్లు విన్నారు. ప్రజాస్వామ్యం వచ్చింది కూడా. 2016లో సూకీ ప్రభుత్వం 21వ శతాబ్దపు పాంగ్‌లాంగ్ అని పెద్ద సభ పెట్టింది. బయట కచిన్ కొండల్లో యుద్ధం ఆగలేదు. అందుకే ఇప్పుడు ప్రవాసులు "సైన్యం పోవాలి" దగ్గరే ఆగకుండా "పోయాక మా అధికారం ఎంత?" అని అడుగుతున్నారు. దాన్ని చీలిక రాజకీయం అనేవాళ్లు పాంగ్‌లాంగ్ కాగితం ఒకసారి చదవాలి.

నిర్ణయం ఎవరిది అనే ప్రశ్న గాల్లోది కాదు. మలి, న్మై నదులు కలిసి ఇరావతి అయ్యే మైత్‌సోన్ దగ్గర 6,000 మెగావాట్ల ఆనకట్టకు సైనిక ప్రభుత్వం, చైనా కంపెనీ ఒప్పుకున్నాయి. కరెంటులో ఎక్కువ భాగం చైనాకు, మునక కచిన్ ఊళ్లకు. జనం లేచారు కాబట్టి 2011 సెప్టెంబరులో పనులు ఆగాయి.

ఇప్పుడు అరుదైన ఖనిజాల వంతు. 2024 అక్టోబరులో కచిన్ సైన్యం పాంగ్వా గనుల ప్రాంతాన్ని పట్టుకుంది. 2025 జూలైకల్లా, ఆ ఖనిజం చైనాకు కాక తమకు ఎలా వస్తుందా అని వాషింగ్టన్‌లో ప్రతిపాదనలు నడుస్తున్నాయని వార్తలొచ్చాయి. ఇన్నేళ్లూ వినపడని కచిన్ గొంతు ఇప్పుడు ఎందుకు వినపడుతోందో అర్థమైందా? ఇక్కడే ప్రవాస నాయకులకు నా మాట కొంచెం ఘాటుగా ఉంటుంది. గనిని ఎరగా వేసి హక్కు కొనుక్కుందామనుకుంటే, కొనేవాడు గని తీసుకుని హక్కు మీ దగ్గరే వదిలేస్తాడు. ఆ గనుల రసాయనాలు వాగుల్లోకి పోతున్నాయని చెప్పేది కూడా కచిన్ జనమే. పైన ఏ జెండా ఉందని వాగు చూసుకోదు. అదే రాష్ట్రంలో ఉన్న షాన్ని లాంటి చిన్న జాతులు "మరి మా స్వయంనిర్ణయం?" అంటే దానికీ జవాబుండాలి. రంగూన్ మీకు చెప్పిన "తర్వాత" మీరు వాళ్లకు చెప్పకూడదు.

"ఇదంతా మనకెందుకు" అంటారా? అరుణాచల్‌లోని చాంగ్లాంగ్, నామ్‌సాయ్ జిల్లాల్లో సింగ్‌ఫో అనే ఎస్టీలున్నారు. వాళ్లూ కచిన్ జింగ్‌ఫోలూ ఒకే జాతి, మధ్యలో గీత ఇంగ్లీషువాడు గీసింది. ఇంకోటి. 2021 తిరుగుబాటు తర్వాత మయన్మార్ సైన్యానికి ఆయుధాలు, విడిభాగాలు, ముడిసరుకు ఎవరెవరు పంపారో ఐక్యరాజ్యసమితి ప్రత్యేక ప్రతినిధి టామ్ ఆండ్రూస్ 2023 మేలో లెక్క తీశాడు. అందులో మన దేశం వాటా 5.1 కోట్ల డాలర్లు, ప్రభుత్వ రంగ సంస్థలతో కలిపి. ప్రవాస కచిన్‌లు లండన్‌లో, వాషింగ్టన్‌లో అడుగుతున్నారు. ఢిల్లీలో అడగాల్సింది మనం. మీ ఎంపీ ఈసారి ఊరికొచ్చినప్పుడు ఈ లెక్క చెప్పమనండి. తెలియదంటే రిపోర్టు ప్రింటు తీసి చేతిలో పెట్టండి.